సిద్ధేంద్రయోగి : కథయు, చరిత్రయు

ఉయ్యూరులో మేము పాఠము చెప్పుచుండగా ఒక విద్యార్థి “సిద్ధేంద్రయోగి ఏ సంవత్సరమున జన్మించెను?” అని యడిగెను. ఉయ్యూరునుండి బందరు బాటలో పామఱ్ఱు చేరి, చల్లపల్లి త్రోవ పట్టినచో కూచిపూడి మిక్కిలి చేరువ. అంత చేరువనున్న గ్రామమునకు మూలపురుషుడని చెప్పబడు పండితునిగూర్చి మాకు సమాధానము తోచలేదు. ఒక గ్రంథము ఒక శతాబ్దమును, వేఱొకటి వేఱొక శతాబ్దమును చెప్పుచున్నవి. ఈ వ్యాసము ఆ ప్రశ్ననుండి పుట్టినది.

మొదట కథను తలచుకొందము. సిద్ధేంద్రుడు బాల్యముననే తల్లిదండ్రులను గోల్పోయెను. ఉడిపి మఠమున శాస్త్రములభ్యసించి, సంస్కృతమునందును నాట్యశాస్త్రమునందును పండితుడయ్యెను. చిన్ననాటనే వివాహమైనందున భార్యను జూడ అత్తవారింటికి బయలుదేరెను. నడుమ కృష్ణానది పొంగి ప్రవహించుచుండెను. ఈదబోయి సుడిలో చిక్కి, ప్రాణము దక్కినచో సన్న్యసింతునని సంకల్పించెను. గట్టు చేరినపిదప సంసారమును విడిచి, భామాకలాపమును రచించి, దానిని కూచిపూడి బ్రాహ్మణబాలురకు నేర్పెను. ఆ కుటుంబములలో పుట్టిన ప్రతి పురుషుడును జీవితమున ఒక్కమాఱైనను సత్యభామ వేషము కట్టవలెనని వారిచేత మాట గైకొనెను.

ఆదిశంకరుల మొసలి కథ నెఱిగినవారికి ఈ నదీఘట్టము క్రొత్త కాదు. అచట మొసలి, ఇచట వరద. అచట తల్లి అనుమతి, ఇచట భార్య యెడబాటు. ఆపత్సన్న్యాసము యతుల కథలలో పరిచితమైన ఘట్టము. కనుక ఇది జరుగలేదని మేము చెప్పజాలము గాని, దీనినొక వ్యక్తి జీవితమునకు సాక్ష్యముగా నుదాహరించుటకు సాహసింపము.

కాలనిర్ణయము మఱింత చిక్కు. మాచుపల్లి కైఫీయతు, సిద్ధవటమునేలిన సమ్మెట గురవరాజు దౌష్ట్యమును కూచిపూడివారు వీరనరసింహరాయల యెదుట కేళికగా ప్రదర్శించిరని తెలుపుచున్నది. అది పదునాఱవ శతాబ్దారంభమునకు చెందిన ముచ్చట. కైఫీయతులు సేకరింపబడినది మూడువందల యేండ్ల తరువాత, మెకంజీ కాలమున. ఇక సిద్ధేంద్రుని గురువు కృష్ణలీలాతరంగిణీకర్తయైన తీర్థనారాయణయతి యని యొక సంప్రదాయము కలదు. ఆ యతిని పదునేడవ శతాబ్దాంతమునను, పదునెనిమిదవ శతాబ్ద పూర్వార్ధమునను ఉంచుట పరిపాటి. గోలకొండ నవాబు అబుల్ హసన్ తానీషా (పాలన 1672–1687) కూచిపూడి నాటకమునకు మెచ్చి గ్రామమును అగ్రహారముగా నిచ్చెనని మఱియొక వాడుక. ఈ మూడింటిని ఒక్క వరుసలో నిలుపుట యెట్లు? శిష్యుడు గురువు తరువాతివాడే యైనచో, కైఫీయతునందలి కూచిపూడి నటులు సిద్ధేంద్రునికి చాల ముందువారగుదురు. అపుడు ఆయన మూలపురుషుడు కాడు. ఆరుద్ర మొదలగువారు ఈ సందేహములను లేవనెత్తియే యున్నారు.

భామాకలాపము మాట యేమి? ఇది ఏకకర్తృకమైన కావ్యమువలె మనకు చేరలేదు. సత్యభామ ప్రవేశము, జడ ఘట్టము, మాధవితో సంవాదము, కృష్ణునికి లేఖ వ్రాయుట అను చట్టము స్థిరముగా నున్నను, దరువులును సంవాదములును మేళమునుబట్టి, గురువునుబట్టి మాఱుచుండును. నంది తిమ్మన పారిజాతాపహరణము నాటికే అభిమానవతియైన సత్యభామ ప్రసిద్ధురాలు. పలు తరముల నటులు చేయి వేసిన పాఠమునకు మూలప్రతి నొకదానిని కల్పించుట పరిష్కర్తలు తఱచుగా చేయు పొరపాటు.

అయినను కథ యూరక పుట్టదు. ఈ కథ చేసిన పని యొకటి కలదు. ప్రతిన కథ భామవేషమును కొన్ని బ్రాహ్మణ కుటుంబముల పురుషులకు వారసత్వముగా నిర్ణయించినది. ఆ భామాకలాపమునే గోదావరీమండలపు కళావంతుల స్త్రీలును ఆడుచుండిరి. 1947లో మదరాసు రాష్ట్రమున దేవదాసీ నిషేధ శాసనము వచ్చినపిదప వారి ప్రదర్శనములు సన్నగిల్లినవి. 1958లో ఢిల్లీ నాట్యసదస్సులో విస్సా అప్పారావుగారు కూచిపూడి పక్షమున ప్రసంగించిరి. కూచిపూడిలో వెలసిన కళాక్షేత్రమునకు సిద్ధేంద్రుని పేరే పెట్టిరి. శాస్త్రీయత్వమును స్థాపించుటకు శాస్త్రజ్ఞుడైన యతి మూలపురుషుడుగా నుండుట అనుకూలమైనది. కళావంతులకు అట్టి మూలపురుషకథ లేదు; వారి పేరు చాలకాలము సంగ్రహచరిత్రలలో చోటు చేసికొనలేదు. ఇందు వింతయేమనగా, ప్రతిన మాత్రము నిలువలేదు. వెంపటి చినసత్యంగారు 1963లో మదరాసున స్థాపించిన అకాడమీలో బాలికలు పెక్కుమంది నేర్చిరి. నేడు భామవేషమున స్త్రీలే ఎక్కువ.

ఆ విద్యార్థికి మేము సంవత్సరమును చెప్పలేదు. కూచిపూడి కుటుంబములలోను, కళావంతుల యిండ్లలోను ఉన్న భామాకలాపప్రతులను ప్రక్కప్రక్కన బెట్టి, ఏ దరువు ఎందులో నున్నది, ఎందులో లేదు అని ముందుగా పట్టిక వేయుమంటిమి.