చీపురు పట్టినవాడి చేతిలో కాలం

నవలాకారుడికి ఒక పవిత్ర గ్రంథాన్ని కల్పించడం పెద్ద కష్టమేమీ కాదు. ఒక కొండ, ఒక గురువు, ఒక శిష్యుడు, అర్థమయీ కానట్టుండే నాలుగు మాటలు ఉంటే సరిపోతుంది. ఆ గ్రంథం ఎవరి అధీనంలో ఉంది, దానివల్ల ఎవరికి మేలు, ఎవరి నోరు మూతపడుతుంది అని అడగడమే కష్టం. ఇంగ్లీషు హాస్య రచయిత టెర్రీ ప్రాచెట్ (1948–2015) 2001లో ప్రచురించిన ‘థీఫ్ ఆఫ్ టైమ్’ నవలలో ఈ ప్రశ్నల్లో కొన్నింటిని అడిగాడు, కొన్నింటిని అడగకుండా వదిలేశాడు. ఆ రెండూ మనం పరిశీలించదగినవే.

1983 నుంచి 2015 వరకు వెలువడిన ‘డిస్క్‌వరల్డ్’ నవలలు 41. వాటిలో ఇది 26వది. ఆ లోకం పళ్లెంలా బల్లపరుపుగా ఉంటుంది. దాన్ని నాలుగు ఏనుగులు మోస్తాయి. ఆ ఏనుగులు ఒక మహా తాబేలు వీపు మీద నిలబడి ఉంటాయి. ఆదికూర్మం, దిగ్గజాల కథలు విన్న మనకు ఈ ఏర్పాటు వింతగా తోచదు. అక్కడ ఓయ్ డాంగ్ అనే కొండలోయలో చరిత్రను కాపాడే సన్యాసుల మఠం ఉంది. దాని మూలపురుషుడు వెన్. నిత్యం ఆశ్చర్యపడేవాడని అతనికి బిరుదు. అతని బోధలున్న చుట్టలే ఆ మఠానికి వేదం.

ఆ బోధ సారాంశం ఇది: విశ్వం ప్రతి క్షణం నశించి, మళ్లీ కొత్తగా పుడుతుంది. గతమనేది లేదు, గతం తాలూకు జ్ఞాపకమే ఉంది. కనుక కళ్లు తెరిచిన ప్రతిసారీ లోకం కొత్తదే, ఆశ్చర్యపడక తప్పదు. బౌద్ధుల క్షణికవాదం తెలిసినవారికి ఇందులో దాని నీడ కనిపిస్తుంది. అయితే ప్రాచెట్ సన్యాసులు తత్వంతో ఆగరు, దాన్ని పనిలో పెడతారు. సాధన చేసినవాడు కాలాన్ని సన్నటి ముక్కలుగా కోసి, క్షణానికీ క్షణానికీ మధ్య నడవగలడు. అప్పుడు చుట్టూ లోకం శిలలా నిలిచిపోయినట్టు కనిపిస్తుంది. మఠంలోని ఒక విశాలమైన గదిలో రాతి స్తంభాలు గిర్రున తిరుగుతూ కాలాన్ని చుట్టుకుంటాయి, విప్పుతాయి. వాటి పేరు ‘ప్రోక్రాస్టినేటర్లు’, అంటే వాయిదా వేసేవి. వాయిదా వేయడం కాలాన్ని దొంగిలించడమే అని ఇంగ్లీషులో ఒక నానుడి ఉంది. నవల పేరూ యంత్రం పేరూ దాంట్లోంచి వచ్చినవే. కాలం వృథాగా పడి ఉన్న చోటి నుంచి, ఉదాహరణకు సముద్రం అడుగు నుంచి తోడి, ఎప్పుడూ చాలని నగరాలకు పంపడమే ఈ యంత్రాల పని.

ఇంతవరకు ఇది మంచి చమత్కారం. నవలకు బలం వచ్చేది లూ-ట్జే పాత్రతో. అతను మఠంలో ఊడ్చేవాడు. సన్యాసి హోదా లేదు, పట్టా లేదు. మఠాధిపతి జన్మ మీద జన్మ ఎత్తుతూ ప్రస్తుతం పసిబిడ్డగా ఉన్నాడు. గంభీరమైన ఉపదేశం మధ్యలో బిస్కట్ కావాలని మారాం చేస్తుంటాడు. పండితులంతా అతని ముందు చేతులు కట్టుకుని నిలబడతారు. ఊడ్చేవాడిని మాత్రం ఎవరూ చూడరు. చూడరు కనుకనే అతను ఎక్కడికైనా వెళ్లగలడు, ఏదైనా వినగలడు. కాలాన్ని కోసే విద్యలో అతనికి సాటి వచ్చేవారు మఠంలో అరుదు. ఊడ్చేవారిని చూసీ చూడనట్టు పోవడం అలవాటైన సమాజాలకు ఈ హాస్యం చురుక్కుమనిపిస్తుంది.

లూ-ట్జే మార్గం వెన్ మార్గం కూడా కాదు. అతని గురువు ఆంఖ్-మార్‌పోర్క్ నగరంలో గదులు అద్దెకిచ్చే శ్రీమతి మారియెట్టా కాస్మోపిలైట్. ఇల్లు నడిపే ఆడమనిషి అద్దెకున్నవాళ్ల మీద విసుక్కుంటూ అనే మాటలనే అతను సూత్రాలుగా రాసుకున్నాడు. ఆ విషయం ఆవిడకు తెలియదు. ఇక్కడ వ్యంగ్యానికి రెండు అంచులున్నాయి. 1968లో బీటిల్స్ బృందం రుషీకేశ్ వచ్చిన నాటికే, జ్ఞానం తూర్పు కొండల్లో దొరుకుతుందని వెతుక్కుంటూ రావడం పాశ్చాత్య యువకులకు మోజుగా మారింది. ప్రాచెట్ దీన్ని తిరగేశాడు. కొండల్లో ఉన్నవాడు మురికి నగరానికి వెళ్లి, వంటింటి గుమ్మం దగ్గర జ్ఞానం సంపాదించుకున్నాడు. ఒక మాట పవిత్రం కావాలంటే దాన్ని దూరం నుంచి తెచ్చి, ఎత్తైన పీటమీద పెడితే చాలునన్నది మొదటి అంచు. రోజూ చాకిరీ చేసేవారి మాటల్లో నిజంగానే లోకజ్ఞానం ఉందన్నది రెండోది.

ఈ లోకానికి శత్రువులు ఆడిటర్లు. ముఖం లేని బూడిదరంగు అంగీలు వాళ్లు. జీవమున్నదంతా వాళ్ల లెక్కలకు అడ్డమే. అణుమాత్రం తేడా రాని గాజు గడియారం ఒకటి తయారైతే కాలం అందులో చిక్కుకుని ఆగిపోతుంది, లెక్కలు శుభ్రపడతాయి. ఇందుకోసం వాళ్లు మనిషి శరీరాలు ధరిస్తారు. ధరించాక నాలుకకు తగిలిన చాక్లెట్ రుచికి తట్టుకోలేక కూలిపోతారు. కాలాన్ని కొలతగా మాత్రమే చూసేవాడికి ఆకలీ రుచీ తెలియవని రచయిత తీర్పు. ఆ తీర్పుతో మనకు పేచీ లేదు.

పేచీ మరోచోట ఉంది. ఏ కాలం వృథా, ఎవరికి ఎంత చాలదు అని నిర్ణయించేది మఠమే. తీసుకునేటప్పుడు చేపను అడగరు. ఇచ్చేటప్పుడు నగరవాసిని అడగరు. చరిత్రలో ఇలా జరిగినప్పుడు కాలం పోగొట్టుకున్నవి చేపలు కావు. ఇంగ్లండులో తొలినాటి మిల్లుల్లో యజమానులు ఉదయం గడియారాన్ని ముందుకు, సాయంత్రం వెనక్కు తిప్పి కూలీల నుంచి పని గుంజుకున్న వైనాన్ని ఇ.పి. థాంప్సన్ 1967 నాటి ప్రసిద్ధ వ్యాసంలో వివరించాడు. కూలీ జేబులో సొంత గడియారం ఉండటమే నేరమైన మిల్లులున్నాయి. కాలాన్ని వంచడానికి అక్కడ ఏ మంత్రమూ అవసరం కాలేదు, ముల్లును తిప్పే అధికారం ఉంటే చాలింది. రోజుకు 8 గంటలన్న హద్దు 1919లో అంతర్జాతీయ కార్మిక సంస్థ మొదటి ఒడంబడికగా రూపొందిందంటే, దాని వెనుక దశాబ్దాల సమ్మెలున్నాయి. ఏ సన్యాసీ దయతలచి పంచిపెట్టింది కాదది.

ప్రాచెట్ ఈ సంగతి ఎరగనివాడని అనలేం. లెక్కల పిచ్చిని అంత కసిగా వెక్కిరించినవాడు, ఊడ్చేవాడిని కథానాయకుడి స్థాయికి తెచ్చినవాడు, మఠం పెత్తనాన్ని మాత్రం నవ్వుతో దాటేశాడు. సన్యాసులు మంచివాళ్లు కనుక అధికారం వాళ్ల చేతిలో ఉన్నా ఫరవాలేదన్న నమ్మకం నవల అడుగున ఉండిపోయింది. ఇది ఈ నవల పరిమితి.

అయినా పవిత్ర గ్రంథం మీద భయభక్తులు పెంచే అద్భుత కథలు కుప్పలుగా వస్తున్నచోట, అదే గ్రంథాన్ని చీపురు పట్టినవాడి చేతికిచ్చి, అద్దె ఇంటావిడ మాట పక్కన పెట్టి తూచిన నవల ఇది. చదవాలి. చదివి, నగరంలో కాలం చాలక పరుగెత్తే మనుషులు ఆ రాతి స్తంభాల గదిలోకి ఎప్పుడు అడుగుపెడతారని రచయితను అడగాలి.