మొజార్ట్ చూడని వాద్యానికి సొనాటాలు

1846 జూన్ 28న పారిస్‌లో అడాల్ఫ్ సాక్స్ అనే బెల్జియం దేశస్థుడికి శాక్సోఫోన్ అనే కొత్త వాద్యం మీద పేటెంటు దక్కింది. ఆరు నెలలు తిరిగేసరికి, 1847 జనవరి 6న, తిరువయ్యారులో త్యాగరాజస్వామి సిద్ధి పొందారు. ఈ రెండు సంగతులకూ ఆనాడు ఏ సంబంధమూ లేదు. తరవాత నూట యాభై ఏళ్ల లోపే ఆ వాద్యం మీద త్యాగయ్య తెలుగు కృతులు నిండు కచేరీలుగా మోగాయి. అది పుట్టిన ఐరోపాలో మాత్రం దానికంటూ సొంత సాహిత్యం, అంటే దానికోసమే రాసిన రచనలు, కూడటానికి చాలాకాలం పట్టింది. ఇవాళ శాస్త్రీయ వేదికల మీద నిలిచిన శాక్సోఫోన్ సొనాటాలు దాదాపు అన్నీ 1930 నుంచి ఇటు వచ్చినవే.

మన తెలుగువాళ్లలో చాలామందికి శాక్సోఫోన్ అంటే పెళ్లి ఊరేగింపు, లేదా సినిమా పాట. క్లారినెట్, ట్రంపెట్ ఊదేవాళ్ల పక్కన మెడలో పట్టీకి తగిలించుకున్న వంపు గొట్టమే అది. ఒళ్లంతా ఇత్తడి. అయినా సంగీతజ్ఞులు దీన్ని ట్రంపెట్ జాతిలో చేర్చరు, క్లారినెట్ జాతిలో వేస్తారు. మూతికి బిగించిన పల్చటి రెల్లు రేకు, అంటే రీడు, ఊపిరికి అదిరితేనే స్వరం పుడుతుంది. గొట్టం మూతి దగ్గర సన్నగా మొదలై అడుగుకు వచ్చేసరికి బాగా వెడల్పవుతుంది. అందువల్ల వేళ్ల పట్టు మార్చకుండా, ఎడమ బొటనవేలి దగ్గరి మీట నొక్కితే చాలు, అదే స్వరం పై స్థాయిలో పలుకుతుంది.

ఇక సొనాటా. పాశ్చాత్య సంగీతంలో ఒకటి రెండు వాద్యాల కోసం రాసే పెద్ద రచన ఇది. సాధారణంగా మూడో నాలుగో భాగాలుంటాయి. మొదటిది చురుగ్గా, నడిమిది విలంబంగా, చివరిది పరుగులా సాగడం మామూలు పద్ధతి. శాక్సోఫోన్ సొనాటాలో తోడు పియానో. దాన్ని పక్కవాద్యం అనుకోకూడదు, వాటా సమానం. ప్రతి స్వరమూ కాగితం మీద ఉంటుంది, మనోధర్మానికి చోటుండదు. వయొలిన్‌కీ పియానోకీ ఇలాంటి రచనలు మొజార్ట్, బీథోవెన్ చేతుల మీదుగా కుప్పలుగా వచ్చాయి. మొజార్ట్ 1791లో, బీథోవెన్ 1827లో పోయారు. శాక్సోఫోన్ ఆస్తి పంపకాలు అయిపోయాక పుట్టిన బిడ్డ.

పుట్టాక కూడా దాని తలరాత బాగుపడలేదు. పారిస్ కన్సర్వేటరీలో సాక్స్ స్వయంగా 1857 నుంచి పాఠాలు చెప్పాడు. ప్రష్యాతో యుద్ధం వచ్చిన 1870లో ఆ తరగతి మూతపడింది. మళ్లీ తెరుచుకున్నది 1942లో, మార్సెల్ మ్యూల్ అధ్యాపకుడిగా. నడుమ డెబ్బై రెండేళ్లు! నేర్పే పెద్ద బడి లేకపోతే వాయించేవాళ్లు తగ్గుతారు, వాయించేవాళ్లు లేని వాద్యానికి రాసేదెవరు? బిజే, రావెల్ లాంటి వాళ్లు ఆర్కెస్ట్రాలో అక్కడక్కడ నాలుగు వరసలు ఇచ్చి ఊరుకున్నారు. ఆ లోపు అమెరికాలో జాజ్ ఈ వాద్యాన్ని అక్కున చేర్చుకుంది.

అందుకే ఈ సాహిత్యంలో చాలా రచనల వెనక అడిగి రాయించుకున్న వాద్యకారుడో వాద్యకారిణో కనిపిస్తారు. బోస్టన్‌కు చెందిన సంపన్నురాలు ఎలైజ్ హాల్ టైఫాయిడ్ తరవాత వినికిడి తగ్గడంతో శాక్సోఫోన్ పట్టుకున్నారని చెబుతారు. ఆమె డెబ్యుసీకి ముందే డబ్బిచ్చి ఒక రచన అడిగారు. ఆయన ఏళ్ల తరబడి నానబెట్టాడు. చివరికి ఆ ‘రాప్సొడీ’ని రోజే డ్యుకాస్ పూర్తి చేస్తే 1919లో, డెబ్యుసీ పోయిన మరుసటి ఏడు, మొదటిసారి వినిపించింది. 1930లో ప్రాగ్ సంగీతకర్త ఎర్విన్ షుల్‌హాఫ్ బెర్లిన్ రేడియో కోసం ‘హాట్ సొనాటా’ రాశాడు. జాజ్ వాసన నిండా ఉన్న రచన అది. యూదుడూ కమ్యూనిస్టూ అయిన షుల్‌హాఫ్ 1942లో నాజీల నిర్బంధంలో చనిపోయాడు. హిట్లర్ జర్మనీని వదిలి, కార్ల కర్మాగారాల ఊరు డెట్రాయిట్ చేరిన బెర్న్‌హార్డ్ హైడెన్ 1937లో అక్కడి వాద్యకారుడు లారీ టీల్ కోసం ఒక సొనాటా కూర్చాడు.

వీటన్నిటిలో విద్యార్థులు తప్పించుకోలేనిది పాల్ క్రెస్టన్ 1939లో రాసిన సొనాటా, ఓపస్ 19. క్రెస్టన్ న్యూయార్క్‌లో 1906లో, ఇటలీ నుంచి వలస వచ్చిన పేద కుటుంబంలో పుట్టాడు. సంగీత రచన చాలావరకు తనంత తానే నేర్చుకున్నాడు. చర్చిలో ఆర్గన్ వాయించేవాడు. సెసిల్ లీసన్ అనే శాక్సోఫోన్ కళాకారుడికి కచేరీల్లో పియానో సహకారం అందించేవాడు. సొనాటా రాసింది లీసన్ కోసమే. పియానో దగ్గర కూర్చోబోయేది తానే కాబట్టి ఆ భాగాన్ని ఏమాత్రం తేలిక చేయలేదు. ఈ రచన ఉందంటే పియానో కళాకారులు ఇప్పటికీ ఒకటికి రెండుసార్లు సాధన చేసుకుని వస్తారు.

మూడు భాగాలకు ఆయన ఇటాలియన్ పేర్లు పెట్టలేదు. ఉత్సాహంగా, ప్రశాంతంగా, ఉల్లాసంగా అని మామూలు ఇంగ్లీషులో రాశాడు. మొత్తం సుమారు పదమూడు నిమిషాల్లో ముగుస్తుంది. దీని ప్రాణం లయలో ఉంది. తాళం మారదు గానీ నొక్కు పడే చోటు మారుతూ ఉంటుంది. ఎనిమిది మాత్రలను నాలుగు నాలుగుగా వేయడం అందరూ చేసేదే. వాటినే మూడు, మూడు, రెండుగా విరిస్తే తాళం వేసే చెయ్యి ఒకచోట, చెవికి వినిపించే దెబ్బ ఇంకొకచోట పడతాయి. మృదంగం వినే అలవాటున్న మన చెవులకు ఈ ఆట వెంటనే పట్టుబడుతుంది. క్రెస్టన్‌కు ఇది ఎంత ఇష్టమంటే 1964లో లయ మీదే ఒక పుస్తకం వేశాడు. సంగీత కళాశాలల ప్రవేశ పరీక్షల్లో, పోటీల్లో ఈ సొనాటా నేటికీ మామూలుగా వినిపిస్తుంది.

ఫ్రాన్స్‌లో ఫెర్నాండ్ డెక్రుక్ అనే మహిళ 1943లో మార్సెల్ మ్యూల్‌కు అంకితమిచ్చిన సొనాటాది వేరే దారి. నాలుగు భాగాలు, మెత్తని రంగులు. రెండోది క్రిస్మస్ పాటలా, మూడోది రాట్నం తిరుగుతున్నట్టు ఉంటుంది. 1954లో ఆమె పోయాక రచనలు చాలావరకు మరుగున పడ్డాయి. దీన్ని బతికించింది శాక్సోఫోన్‌వాళ్లే. రష్యన్ ఎడిసన్ డెనిసోవ్ 1970లో జాన్ మరీ లాండెక్స్ అనే శాక్సోఫోన్ కళాకారుడి కోసం రాసినది మరీ గడుసుది. డెనిసోవ్ తండ్రి భౌతికశాస్త్రవేత్త, బిడ్డకు థామస్ ఎడిసన్ పేరు పెట్టుకున్నాడు. బిడ్డ గణితం చదివి సంగీతంలోకి వచ్చాడు. ఈ సొనాటాలో ఒక్క ఊపిరికి రెండు మూడు స్వరాలు కలిసి పలికే చోట్లున్నాయి. చివరి భాగం జాజ్ వైపు దూకుతుంది.

మన వైపు ఈ రచనల లోటును పూడ్చిన తీరే వేరు. మంగళూరు ప్రాంతంలో 1949లో నాదస్వర విద్వాంసుల ఇంట పుట్టిన కద్రి గోపాల్‌నాథ్ మైసూరు ప్యాలెస్ బ్యాండులో శాక్సోఫోన్ విని మనసు పారేసుకున్నారు. కొత్త రచనలు రాసిపెట్టమని ఆయన ఎవరినీ అడగనక్కర్లేదు, త్యాగరాజ కృతులు సిద్ధంగా ఉన్నాయి. చిక్కల్లా గమకంతోనే. మీటలూ మూతలూ ఉన్న గొట్టం మీద స్వరం మెట్టు మెట్టుగా దూకుతుంది గానీ జారదు, ఊగదు. పెదవుల పట్టుతో, ఊపిరితో, వాద్యంలో చేయించుకున్న మార్పులతో ఆయన దాన్ని దారికి తెచ్చారు. ఇందుకు దాదాపు ఇరవై ఏళ్లు పట్టింది. 1994లో లండన్ రాయల్ ఆల్బర్ట్ హాల్‌లో బీబీసీ ప్రామ్స్ వేదిక ఎక్కారు. అదే ఏడు ఎ.ఆర్. రెహమాన్ సంగీతంతో వచ్చిన ‘డ్యూయెట్’లో ఆయన వాయించిన కల్యాణ వసంతం ఇంటింటికీ చేరింది. త్యాగయ్య ‘నాదలోలుడై’ కృతి రాగం అదే. 2019లో గోపాల్‌నాథ్ కన్నుమూశారు.

కొత్తగా వినాలనుకునేవారు క్రెస్టన్ మూడో భాగంతో మొదలుపెట్టి, చేత్తో తాళం వేస్తూ నొక్కులు ఎక్కడ తప్పుకుంటున్నాయో చూడవచ్చు. తరవాత డెక్రుక్ రెండో భాగం, చెవి అలవాటు పడ్డాక డెనిసోవ్. వీటి నడుమ గోపాల్‌నాథ్ కచేరీ ఒకటి పెట్టుకుంటే, ఒకే గొట్టంలోంచి మెట్లెక్కే స్వరమూ ఊగే స్వరమూ ఎలా వస్తాయో పక్కపక్కన తెలుస్తుంది.