ఒక విశ్వవిద్యాలయము ఆట మానుకొనిన వృత్తాంతము

అమెరికా సంయుక్త రాష్ట్రములలో చికాగో నగరమునందు 1892వ సంవత్సరమున తెరువబడిన విశ్వవిద్యాలయ మొకటి కలదు. 1939వ సంవత్సరమున ఆ విద్యాలయపు ఫుట్‌బాల్ జట్టు ఎనిమిది పోటీలలో ఆడి ఆరింట ఓడిపోయెను. గెలుపోటములు ఆటలో సహజములు, అందు చెప్పుకొనవలసిన దేమున్నదని పెద్దలు అడుగవచ్చును. ఓటములు వింత కావు. అవి ముగిసిన నెల దినములలోపల ఆ విద్యాలయమువారు చేసిన పని వింత. ఓడినవాడు సామాన్యముగా మరల గెలుచుటకు దారి వెదకును. వీరు ఆటనే మానివేసిరి. అట్లేల జరిగెనో మనవి చేసెదను.

ముందుగా ఆటను గూర్చి నాలుగు మాటలు. ఫుట్‌బాల్ అనగానే మన పాఠశాలల పిల్లలు కాలితో తన్నుచు ఆడు గుండ్రని బంతియాట స్ఫురించును. అమెరికావారి ఫుట్‌బాల్ అది కాదు. వారి బంతి కోడిగ్రుడ్డువలె కోలగా నుండును. దానిని చేత బట్టుకొని పరుగెత్తవచ్చును, తోడివానికి విసరవచ్చును, తన్నవచ్చును. పక్షమునకు పదునొకండుగురు, ఆడు స్థలము పొడవు 100 గజములు. బంతిగల పక్షమువారు నాలుగు ప్రయత్నములలో పది గజములైనను ముందునకు సాగవలెను. సాగనిచో బంతి ఎదిరివారి పాలగును. ఎదిరివారు ఊరకుందురా? బంతి పట్టినవానిపై బడి నేల గూల్తురు. మన చెడుగుడులో కూతకు వచ్చినవానిని అందరును చుట్టుముట్టి పట్టుట చూచినవారికి ఇది సులభముగనే బోధపడును; దెబ్బలు మాత్రము ఇందు చాల హెచ్చు. బంతితో ఎదిరివారి కొనగీత దాటినచో ఆరు అంకములు లభించును. తన గీత వెనుకనే బంతితో పట్టుబడినచో ఎదిరివారికి రెండు అంకములు పోవును. ఈ రెండు అంకముల మాట కొంచెము జ్ఞాపకముంచుకొన గోరెదను.

ఇంకొక సంగతియు చెప్పవలెను. ఇప్పుడు దాడిచేయువారు వేరు, కాపుదల చేయువారు వేరు. ఆ కాలమున ఆ పదునొకండుగురే రెండు పనులును చేయవలసి యుండెను. ఆట నాలుగు భాగములు, మొత్తము ఒక గంట. బలముగల పిల్లలు కొలదిగానున్న జట్టు మొదట నిలువగలిగినను కడపటి భాగమునాటికి ఒగర్చుచుండెడిది. అవతలివారు అలసినవారిని కూర్చుండబెట్టి క్రొత్తవారిని దింపుచుండిరి.

చికాగో జట్టు మొదటినుండియు బలహీనమైనది కాదు. విద్యాలయము తెరచిన నాటినుండి 1932 వరకు, నలువది యేండ్లు, ఏమస్ అలాంజో స్టాగ్ అను నాతడు ఆ పిల్లలకు ఆట నేర్పెను. ఆ ప్రాంతపు విశ్వవిద్యాలయములు కొన్ని చేరి 1896లో ఒక కూటమిగా నేర్పడెను. తరువాత దానికి 'బిగ్ టెన్' అను పేరు వచ్చెను. దానిని స్థాపించిన యేడింటిలో చికాగో యొకటి. 1905వ సంవత్సరమున మిచిగన్ విశ్వవిద్యాలయపు జట్టు 56 ఆటలుగా ఓటమి యెరుగక వచ్చి చికాగోవారితో తలపడెను. ఆనాడు మిచిగన్ ఆటగా డొకడు తన గీత వెనుకనే పట్టుబడెను. ఆ రెండు అంకములతోనే, రెండు-సున్నగా, చికాగో గెలిచెను. తరువాత 1935లో, దేశమునందలి ఉత్తమ కళాశాల ఆటగానికిచ్చు బహుమానమును (అదియే పిమ్మట హైస్మన్ బహుమానమని పేరు పొందినది) మొట్టమొదట అందుకొనినవాడును చికాగో విద్యార్థి జే బెర్వాంగరే.

అటువంటి జట్టు నాలుగేండ్లలో ఎట్లు దిగజారెను? 1929లో రాబర్ట్ మేనార్డ్ హచిన్స్ అను నాతడు విద్యాలయమునకు అధ్యక్షుడయ్యెను. అప్పటి కాతని వయస్సు ముప్పది సంవత్సరములు మాత్రమే. విశ్వవిద్యాలయము చదువు కొరకే పుట్టినదని ఆతని దృఢ విశ్వాసము. ఇతర విద్యాలయములు ఊరూర గాలించి దేహబలము గల పిల్లలను తెచ్చి, జీతములకు బదులు చిన్న కొలువులును వేతనములును చూపి చేర్చుకొనుచుండిరి. చికాగోవారు ఆ పందెమున దిగలేదు. ఆటగాడైనను పరీక్షలో తోడివారివలె నెగ్గవలసినదే. వాని కొరకు తేలిక చదువు వేరుగా లేదు. స్టాగ్ డెబ్బదియేండ్లు నిండి విరమింపగా, 1933లో క్లార్క్ షానెసీ అను గురువు వచ్చెను. నేర్పరియే. కాని నూలులేనిదే నేతగాడేమి చేయును?

ఇక 1939వ సంవత్సరపు ఆటలు. మొదటి పోటీ బెలాయిట్ అను చిన్న కళాశాలతో, ఆరు-సున్నగా ఓడిరి. తరువాత వాబాష్ అను మరియొక చిన్న కళాశాలపై గెలిచిరి. అంతట హార్వర్డు వచ్చెను: 61-0. మిచిగన్: 85-0. వర్జీనియా: 47-0. ఒహయో స్టేట్: 61-0. నడుమ ఓబర్లిన్ కళాశాలపై 25-0గా ఒక గెలుపు. చివర ఇల్లినాయితో 46-0. పెద్ద విద్యాలయములతో ఆడిన ఆ ఐదు పోటీలలో ఎదిరివారి అంకములు కూడిన సరిగా 300 వచ్చును. చికాగోవారివి సున్న. 1905లో రెండు అంకములతో ఎవరి గర్వము నణచిరో ఆ మిచిగన్‌వారే ఎనుబదియైదు తెచ్చి అప్పు తీర్చుకొనిరి. సుమారు 50,000 మంది పట్టు క్రీడాస్థలములో ఖాళీ బల్లలే హెచ్చుగా నుండెను.

ఆ పిల్లలను గూర్చి నాకు తోచినది చెప్పెదను. ఎనుబదియైదు అంకములు పడుచున్నను వారు స్థలము విడిచిపోలేదు. మరుసటి పోటీకి మరల వచ్చిరి. వారికి జీతము లేదు, కీర్తి లేదు, మరునాటి తరగతిలో పాఠము మాత్రము సిద్ధముగా నుండవలెను. నవ్వినవారు ఈ సంగతి తలచినట్లు కనబడదు.

1939 డిసెంబరు 21వ తేదీన విద్యాలయపు ధర్మకర్తలు ఇతర విశ్వవిద్యాలయములతో ఫుట్‌బాల్ ఆడుట మానవలెనని తీర్మానించిరి. ఓటముల సిగ్గుచేతనే మానిరని పలువు రనిరి. అది సగము నిజము. హచిన్స్ ఓటములకు ఏడాది ముందే, 1938 డిసెంబరులో, 'సాటర్‌డే ఈవెనింగ్ పోస్ట్' పత్రికలో ఈ విషయమై వ్యాసము వ్రాసియుండెను. ఆటను చెరుచునది ఆట కాదు, వాకిట వసూలగు ప్రవేశ రుసుమే యని ఆతని వాదము. ఆ రుసుమును పది సెంట్లకు, అనగా డాలరులో పదియవ వంతునకు, తగ్గింపుడని సలహా నిచ్చెను. కావున తలంపు ముందే యున్నది. అయితే జట్టు గెలుచుచున్న రోజులలో అటువంటి తీర్మానము చేయుటకు ఎవరికి ధైర్యము వచ్చెడిది? పూర్వవిద్యార్థులు ఊరకుందురా? ఓటములే హచిన్సునకు తలుపు తెరచినవని నా యభిప్రాయము. ఆడుటకు బలము కొనితెచ్చుకొనుట యొక దారి, మానుట యొక దారి. రెండింటి నడుమ ఏటేట మూడువందల అంకములు మోయుమని పిల్లలను పంపుట మాత్రము న్యాయము కాదు. ఆ మాటకు నేను హచిన్సు పక్షమే. ఒక్కటి మాత్రము మనస్సునకు పట్టదు. దెబ్బలు తినినవారు విద్యార్థులు, తీర్మానించినవారు పెద్దలు.

గురువు షానెసీ సంగతి వినదగినది. ఆతడు మరుసటి యేడు కాలిఫోర్నియాలోని స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయమునకు పోయెను. 1939లో ఒక్క పోటీ మాత్రమే గెలిచిన ఆ జట్టు, ఆతని చేతిలో 1940 ఆటలలో ఒక్కటియు ఓడక, 1941 జనవరి 1వ తేదీన రోజ్ బౌల్ అను ప్రసిద్ధమైన పోటీలో నెబ్రాస్కాను 21-13గా గెలిచి, పదికి పదియు ముగించెను. ఈతడే ముందేడు 85-0 చూచినవాడు!

చికాగో క్రీడాస్థలపు పడమటి మెట్ల వరుసల క్రింద బంతియాట కొరకు కట్టిన గది యొకటి యుండెను. 1942 డిసెంబరు 2వ తేదీన ఆ గదిలోనే ఎన్రికో ఫెర్మియు, ఆతని తోడి శాస్త్రజ్ఞులును పరమాణువుల గొలుసు చర్యను మొట్టమొదట తమ స్వాధీనములో నడిపి చూపిరి. పైన ఆట సాగుచుండినచో ఆ చోటు దొరకెడిదో లేదో!

1946లో చికాగో ఆ కూటమినుండియు తొలగెను. 1957లో పాత క్రీడాస్థలమును పడగొట్టిరి. 1970లో అక్కడ గొప్ప గ్రంథాలయము తెరచిరి. 1963లో కొందరు విద్యార్థులు మరల ఆట మొదలుపెట్టగా, తోటి విద్యార్థులే మైదానము నడుమ కూర్చుండి అడ్డగించిరి. అయినను 1969నుండి విద్యాలయపు జట్టు మరల పోటీలలో నిలిచినది. నేడును ఆడుచున్నది, ఆటకై వేతనములివ్వని కళాశాలల తరగతిలో, స్టాగ్ పేరే పెట్టిన వేరొక చిన్న మైదానములో.