నూరెంబర్గ్ వీధుల్లో రెండు గంటల నడక

పిల్లలు చదువుకనో ఉద్యోగానికనో జర్మనీ వెళ్ళడం ఈమధ్య మన ఇళ్ళల్లో మామూలైపోయింది. వాళ్ళ వెనకాలే మనకూ ఒక నెలో రెండు నెలలో అక్కడ ఉండి వచ్చే అవకాశం దొరుకుతోంది. తీరా వెళ్ళాక మనలో చాలామంది చేసేదేమిటి? తీసుకెళ్ళిన ఆవకాయ, కందిపొడి సీసాల్లో సర్దిపెట్టడం, పిల్లలకి వండిపెట్టడం, కిటికీలోంచి వీధి చూడటం! ఊరు చూద్దామంటే ‘మనకి ఆ భాష రాదు, ఇంగ్లీషూ అంతంత మాత్రమే, ఏం అర్థమవుతుందిలే’ అని ఊరుకుంటాం. మహా అయితే బస్సెక్కి నాలుగుచోట్ల దిగి, ఫొటోలు తీసుకుని వచ్చేస్తాం. అలా ఊరుకోనక్కర్లేదని చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను.

మా అమ్మాయి ఉండేది ఎర్లాంగెన్‌లో. అక్కడికి దగ్గర్లోనే నూరెంబర్గ్ నగరం. జర్మన్లు న్యూర్న్‌బెర్గ్ అంటారు. బవేరియా రాష్ట్రంలో మ్యూనిక్ తర్వాత పెద్ద నగరం ఇదే. 1050వ సంవత్సరం నాటి పత్రంలోనే దీని పేరు కనిపిస్తుందట. పాత ఊరి చుట్టూ ఉన్న రాతి ప్రాకారం చాలా భాగం ఇప్పటికీ నిలిచే ఉంది. ఆ ప్రాకారం లోపలి ఊరిని మేం ఒక గైడుని మాట్లాడుకుని నడిచి చూశాం.

సొంత గైడు ఎందుకు?

గైడుతో ఊరు చూడటం రెండు రకాలు. పదిమందీ ఇరవైమందీ కలిసి, గొడుగు ఎత్తి పట్టుకున్న గైడు వెంట నడవటం ఒకటి. దీనికి తలకింత అని టికెట్ ఉంటుంది. రెండోది మన కుటుంబానికే ఒక గైడుని పెట్టుకోవడం. దీనికి మనిషికింత అని కాక మొత్తం జట్టుకింత అని తీసుకుంటారు. ఇద్దరే వెళితే ఖర్చు ఎక్కువనిపిస్తుంది కానీ, రెండు కుటుంబాలు కలిస్తే అంత భారం కాదు. మేం ఆరుగురం కలిశాం.

అసలు లాభం డబ్బులో కాదు. పదిమందిలో మనం నోరు తెరవం. మనదే అయిన గైడు దగ్గర ఎన్నిసార్లయినా ఆపి అడగొచ్చు, మోకాళ్ళు నొప్పెడితే కాసేపు కూర్చోవచ్చు. మా గైడు యాభై దాటిన ఆవిడ. ఇంగ్లీషులో నెమ్మదిగా చెప్పేది, మా అమ్మాయి నాకు తెలుగులో చెప్పేది. నేను అడిగినవన్నీ పెద్ద చరిత్ర ప్రశ్నలేం కావు. ఇంట్లో ఎవరు వండేవారు, నీళ్ళెక్కణ్ణుంచి తెచ్చేవారు, ఆడవాళ్ళేం పని చేసేవారు... ఇవే! చెప్పొద్దూ, ఆ ప్రశ్నలకే ఆవిడ ఎక్కువ ఉత్సాహంగా జవాబిచ్చింది.

పాతదిలా కనిపించే కొత్త ఊరు

నడక లోరెన్స్ చర్చి దగ్గర మొదలైంది. లోపల పై కప్పు నుంచి వేలాడుతూ ఒక పెద్ద చెక్క శిల్పం ఉంది. దేవదూత వచ్చి మేరీమాతకి శుభవార్త చెప్పే ఘట్టం. 1517, 1518లలో వైట్ ష్టోస్ అనే శిల్పి చెక్కాడు. ఇంకోచోట సుమారు 20 మీటర్ల ఎత్తున, తీగ పాకినట్టుండే రాతి శిఖరం ఉంది. దాన్ని చెక్కిన ఆడమ్ క్రాఫ్ట్ తన బొమ్మనే అడుగున మోకాళ్ళమీద కూర్చోబెట్టి, ఆ బరువంతా మోస్తున్నట్టు చెక్కుకున్నాడు.

చర్చిలోంచి బయటికి వచ్చాక ఆవిడ సంచిలోంచి ఒక పాత ఫొటో తీసి చూపించింది. చుట్టూ రాళ్ళ గుట్టలు, మొండి గోడలు. 1945 జనవరి 2 రాత్రి విమానాలు వేసిన బాంబులకి ఒక్క గంటలో పాత ఊరు నూటికి తొంభై పాళ్ళు నాశనమైంది. సుమారు 1,800 మంది పోయారు, లక్షమందికి ఇళ్ళు లేకుండా పోయాయి. వైట్ ష్టోస్ దేవదూతని ముందే విప్పి, కోట కొండ కింద తొలిచిన నేలమాళిగలో దాచారు కాబట్టి దక్కింది. క్రాఫ్ట్ శిఖరాన్ని కదిలించే వీల్లేక చుట్టూ గోడ కట్టి కాపాడారు.

అంటే మనం ‘ఎంత పాతకాలపు ఇళ్ళో’ అని మురిసిపోయే వీధుల్లో చాలాభాగం యుద్ధం తర్వాత మళ్ళీ కట్టుకున్నవే. పాత వీధుల తీరు మార్చకుండా, పాత వాలుకప్పుల తీరులోనే కట్టారు. ఇది తెలియకపోతే ఊరు అందంగా ఉంటుంది, అంతే. తెలిశాక ప్రతి గోడ దగ్గరా ఆగి చూడాలనిపిస్తుంది.

పెగ్నిట్జ్ నది దాటేటప్పుడు నీళ్ళమీద వంపు తిరిగి నిలబడ్డ పెద్ద భవనం కనిపిస్తుంది. 1339లో కోన్‌రాడ్ గ్రోస్ అనే ధనవంతుడు రోగులకీ ముసలివాళ్ళకీ కట్టించిన ఆశ్రమమది. ఇంకాస్త దూరంలో చెక్క వంతెన, దాని పక్కన తలారి ఉండే ఇల్లు. ఊరికి తలారి కావాలి, కానీ అతన్ని ఎవరూ తాకకూడదు, కలిసి భోంచేయకూడదు. అందుకే నదిమీద విడిగా ఉంచారట. ఫ్రాంజ్ ష్మిట్ అనే తలారి నలభై ఏళ్ళకు పైగా తాను వేసిన శిక్షలన్నీ దినచర్యలా రాసిపెట్టాడు. అదే మనిషి వైద్యం కూడా చేసేవాడని విని ఆశ్చర్యపోయాం.

కూరల బజారు కింద కథ

తర్వాత హౌప్ట్‌మార్క్ట్, అంటే పెద్ద బజారు. పూలు, కూరలు, పళ్ళు అమ్మే కొట్లు. ఒక మూల సుమారు 19 మీటర్ల ఎత్తున, నలభై బొమ్మలతో గుడి గోపురంలా ఉండే ఫౌంటెన్. దాని ఇనుప కటకటాల్లో ఒక ఇత్తడి కడియం ఉంది. దాన్ని తిప్పి కోరుకుంటే కోరిక తీరుతుందని నమ్మకం. నిజమైన కడియం అది కాదు, అవతలి వైపున్న నల్ల ఇనుపదేనని ఊరివాళ్ళంటారు. ఎందుకైనా మంచిదని మేం రెండూ తిప్పాం!

బజారు ఎదురుగా మేరీమాత చర్చి. రోజూ పగలు పన్నెండింటికి దాని గడియారంలో బొమ్మలు కదులుతాయి. చక్రవర్తి నాలుగో చార్లెస్ సింహాసనం మీద కూర్చుంటే, ఏడుగురు ప్రభువులు చుట్టూ మూడుసార్లు తిరిగి దణ్ణం పెడతారు. ఐదు వందల ఏళ్ళ కిందట చేసిన యంత్రం. పిల్లలూ పెద్దలూ అందరూ తలలెత్తి చూస్తారు, చప్పట్లు కొడతారు.

జనం పలచబడ్డాక గైడు మిగతా కథ చెప్పింది. మేం నిలబడ్డ చోట ఒకప్పుడు యూదుల ఇళ్ళుండేవి. ఆ ఇళ్ళు పడగొట్టి బజారు పెట్టుకోండి, వాళ్ళ ప్రార్థనామందిరం ఉన్నచోట చర్చి కట్టుకోండి అని 1349లో అనుమతి ఇచ్చింది ఈ చక్రవర్తే. ఆ డిసెంబరులో కనీసం 562 మంది యూదుల్ని చంపేశారు. చర్చి లోపల నేలమీద యూదుల నక్షత్రం గుర్తు ఉంది. ఆ మందిరాన్ని గుర్తుచేసేందుకు పెట్టింది.

అంతసేపూ చప్పట్లు కొట్టిన మాకు నోట మాట రాలేదు. తన ఊరి గొప్ప చెప్పుకోవడం ఎవరికైనా తేలికే. బయటి దేశంవాళ్ళ ముందు తన ఊరివాళ్ళు చేసిన పాపాన్ని తేదీతో సహా చెప్పడం తేలిక కాదు. ఇంకా దగ్గరి కాలంలో ఏం జరిగిందో కూడా ఆవిడ దాచలేదు. 1935లో యూదుల పౌరసత్వపు హక్కులు తీసేసిన చట్టాలు ఈ ఊరి పేరుతోనే పిలుస్తారు. యుద్ధం అయ్యాక 1945 నవంబరు 20 నుంచి 1946 అక్టోబరు 1 వరకు నాజీ నాయకుల విచారణ జరిగిందీ ఈ ఊళ్ళోనే. ఆ కోర్టు 600వ నంబరు గది పాత ఊరికి బయట ఉంది. దానికి వేరే పూట పెట్టుకోవాలి.

ముగ్గురు ఆడవాళ్ళు

కోట కింద ఆల్‌బ్రెక్ట్ డ్యూరర్ ఇల్లుంది. చాలా పేరున్న చిత్రకారుడు. 1509లో ఈ ఇల్లు కొని, 1528లో పోయేవరకు ఇక్కడే ఉన్నాడు. పొయ్యి ఉన్న పాతకాలపు వంటగది చూడగానే నా కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. ఆయన భార్య ఆగ్నెస్ వంటకే పరిమితం కాలేదు. భర్త అచ్చువేసిన బొమ్మల్ని సంతలకి తీసుకెళ్ళి అమ్మి, వ్యాపారం చూసుకున్నది ఆవిడే. ఇప్పటికీ ఈ ఇంట్లో ఒక నటి ఆగ్నెస్ వేషం కట్టి ఇల్లు చూపించే ఏర్పాటుంది.

డ్యూరర్ తల్లి బార్బరాకి 18 మంది బిడ్డలు పుడితే ముగ్గురే బతికి పెద్దవాళ్ళయ్యారు. 1514లో, ఆవిడ పోవడానికి రెండు నెలల ముందు, కొడుకు ఆమె బొమ్మని బొగ్గుతో గీశాడు. చిక్కిన బుగ్గలు, ముడతలు, అన్నీ ఉన్నవున్నట్టు. అసలు బొమ్మ బెర్లిన్‌లో ఉంది. గైడు చూపించిన చిన్న నకలుకే కళ్ళు చెమ్మగిల్లాయి.

మూడో ఆవిడ మరియా సిబిల్లా మేరియన్. కోటలో ఆవిడ పేరున చిన్న తోట ఉంది. ఈ ఊళ్ళో కాపురమున్న రోజుల్లో కలిగినవాళ్ళ ఆడపిల్లలకి బొమ్మలు వేయడం నేర్పుతూనే, గొంగళిపురుగులు సీతాకోకచిలుకలుగా ఎలా మారతాయో గమనించి గీసేది. 1679లో ఆ పుస్తకం అచ్చయింది. 1699లో, 52వ ఏట, చిన్న కూతుర్ని వెంటబెట్టుకుని ఓడలో దక్షిణ అమెరికాలోని సూరినామ్ వెళ్ళింది, అక్కడి పురుగుల్నీ మొక్కల్నీ చూడటానికి! ఈ వయసులో మనకెందుకులే అనుకునేవాళ్ళం ఒక్కసారి ఆవిణ్ణి తలుచుకోవాలి.

కోటలో సుమారు 50 మీటర్ల లోతు బావి ఉంది. అక్కడివాళ్ళు చెంబుడు నీళ్ళు పోసి లెక్కపెట్టమంటారు. కొన్ని క్షణాలు గడిచాక గాని కింద చప్పుడు వినపడదు.

మన మిరియాలు, వాళ్ళ తీపి

ఈ ఊరి పేరుపడ్డ తీపి లేబ్‌కూఖెన్. చుట్టుపక్కల అడవుల్లో తేనె పుష్కలం, వ్యాపారుల దారుల్లో దినుసులు వచ్చేవి. అందుకే ఇక్కడ బాగా పేరు తెచ్చుకుంది. మిరియాలు మన మలబారు తీరానివే. 1505లో పోర్చుగీసు ఓడలు ఇండియాకి బయల్దేరినప్పుడు నూరెంబర్గ్ వ్యాపారులు కూడా పెట్టుబడి పెట్టారు. ఎలీజెన్ అనే మేలురకంలో బాదం, హేజల్, వాల్‌నట్ పప్పులు కనీసం నూటికి పాతిక పాళ్ళుండాలి, పిండి పది పాళ్ళు మించకూడదు. దాల్చినచెక్క, లవంగం, ఏలకుల వాసన మనింటి వాసనలాగే ఉంటుంది. సాధారణంగా గుడ్డు కలుపుతారు కాబట్టి తినని వాళ్ళు ముందే కనుక్కోవాలి.

వెళ్ళేవాళ్ళకి కొన్ని సూచనలు

గైడుని కుదుర్చుకునేటప్పుడే మనకేది ఇష్టమో, ఎవరికి మోకాళ్ళ నొప్పులున్నాయో చెప్పేయండి. దాన్నిబట్టి దారి మారుస్తారు. కోట దగ్గర ఎత్తు, దారంతా రాళ్ళు పరిచి ఉంటుంది. చీర కట్టుకున్నా పర్వాలేదు కానీ, కాళ్ళకి మెత్తటి బూట్లే ఉండాలి. ఎండాకాలమైనా ఒక స్వెట్టరు, గొడుగు సంచిలో పెట్టుకోండి. బాత్‌రూములకి చిల్లర నాణేలు దగ్గరుండాలి. ఆదివారం దుకాణాలు మూసేస్తారు. మ్యూజియంలు చాలావరకు సోమవారం ఉండవు. ఈ ఊరి ప్రసిద్ధ వంటకం వేలెడంత పంది మాంసం సాసేజి. శాకాహారులు ‘వెగెటారిష్’ అని అడగాలి, గుడ్డు వద్దని విడిగా చెప్పాలి.

నడక ముగించి స్టేషనుకి తిరిగి వచ్చేటప్పుడు మ్యూజియం పక్కన మానవ హక్కుల వీధి చూడటం మరిచిపోకండి. 1993లో శిల్పి దానీ కరవాన్ రూపొందించాడు. ఎత్తయిన తెల్లటి స్తంభాల వరసలో మానవ హక్కుల ప్రకటనలోని ముప్ఫై అంశాలు రకరకాల భాషల్లో చెక్కి ఉంటాయి. యూదుల హక్కులు తీసేసిన చట్టాలకి పేరిచ్చిన ఊరు తన నడివీధిలో ఇవి నిలబెట్టుకుంది. ఒక్కో స్తంభం దగ్గరా నిదానంగా నడవండి, అక్కడ టికెట్ లేదు.