తేనెటీగలకు చెట్టుతొర్రలో కాపురమేల?

రష్యాలోని ఉరల్ పర్వతారణ్యములందు బష్కీర్ జనులు సజీవమైన పైన్ వృక్షమునకు చాల ఎత్తున తొర్ర తొలిచి, అందు తేనెటీగలకు నివాసమేర్పరచి, మానుపై తమ కుటుంబపు గుర్తును గొడ్డలితో చెక్కుదురు. తేనెటీగల పెట్టె యుండగా చెట్టేల యందురా? అచటి శీతకాలము దీర్ఘము, దారుణము. దళసరి మాను చలిని లోనికి రానీయదు. లోపలి యీగలు, ఒకే దుప్పటిలో ముడుచుకొను పిల్లలవలె గుంపుగూడి, రెక్కలాడింపకయే వాటి కండరములను వణకించి వేడి పుట్టించును. ఆ శ్రమకు ఇంధనము తేనెయే. కావుననే బష్కీరులు ఏటికొకమారు మాత్రమే తేనె తీసి, ఈగలకు చాలినంత విడిచెదరు. ఎంత న్యాయమైన పంపకము! నేడు ముదివృక్షములు తరుగుచున్నవి. పరజాతి యీగలు కలియుటచే చలికోర్చు బుర్జియాన్ జాతియు పలుచనగుచున్నది. 1986లో నెలకొల్పిన షుల్గాన్‌తాష్ అభయారణ్యము ఆ బుర్జియాన్ ఈగలను నేటికిని కాపాడుచున్నది.