డెప్యుటేషన్ మధ్యలో వెనక్కి పంపితే: హక్కుల లెక్క

మూడేళ్లకని డెప్యుటేషన్ మీద వెళ్లిన ఉద్యోగికి ఏడాదిన్నరకే ‘మాతృశాఖకు తిప్పి పంపుతున్నాం’ అంటూ ఉత్తర్వు వస్తే? ‘డెప్యుటేషన్ వాళ్లకు హక్కులేముంటాయి, సర్దుకుని వెళ్లిపోవడమే’ అనేవాళ్లే ఆఫీసులో ఎక్కువ. అందులో సగమే నిజం. అక్కడే ఉండిపోయే హక్కు లేదు. ఎలా పంపాలి, వెళ్లాక ఏ స్థానం ఇవ్వాలి అన్న విషయాల్లో మాత్రం హక్కులున్నాయి. కేంద్ర ఉద్యోగులకు వర్తించే సిబ్బంది, శిక్షణ విభాగం (డీవోపీటీ) 2010 జూన్ 17 ఉత్తర్వులు, సుప్రీంకోర్టు తీర్పులు ఇందుకు ఆధారం. రాష్ట్ర ఉద్యోగులు, ప్రభుత్వ రంగ సంస్థల సిబ్బంది తమ సొంత నిబంధనలు కూడా చూసుకోవాలి.

3, 5, 7 ఏళ్లు

పోస్టు నియామక నిబంధనల్లో గడువు రాసి ఉంటే అదే చెల్లుతుంది. లేకపోతే 3 ఏళ్లు. అనుమతులతో 5 ఏళ్లకు, 2016 నుంచి మరీ అవసరమైతే 7 ఏళ్లకు పెంచే వీలుంది. గడువు తేదీకి రాతపూర్వకంగా పొడిగింపు రాకపోతే ఆ రోజే రిలీవ్ అయినట్టు లెక్క. ‘ఫైలు పైన ఉంది, మీరు పని చేస్తూ ఉండండి’ అన్న నోటిమాట నమ్ముకుంటే ఆ కాలం పింఛనుకు లెక్కకు రాకపోవచ్చు, క్రమశిక్షణ చర్యా ఎదురుకావచ్చు.

3 నెలల నోటీసు

గడువు తీరకముందే పంపాలంటే ఉద్యోగికీ, మాతృశాఖకూ కనీసం 3 నెలల ముందు నోటీసు ఇవ్వాలన్నది నిబంధన. ఈ రాత్రికే రిలీవ్ అన్న ఉత్తర్వును ముందుగా పట్టుకోవాల్సింది ఇక్కడే.

కారణం సంగతేమిటి? పర్మనెంట్‌గా తీసుకోవాలని చట్టబద్ధమైన నిబంధన ఏదీ లేనప్పుడు ఉద్యోగిని ఎప్పుడైనా తిప్పి పంపవచ్చని 2000లో కునాల్ నందా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆఫీసులు ఎక్కువగా చూపించే తీర్పు ఇదే. 2005లో వి.రామకృష్ణన్ కేసు దీనికి హద్దు గీసింది. నిర్ణీత గడువు ఇచ్చి తీసుకున్నప్పుడు, పనికి తగడనో, పనితీరు బాగాలేదనో సరైన కారణం ఉంటే తప్ప మామూలుగా గడువు కుదించరాదంది. గడువు రాయకపోయినా, దురుద్దేశంతో పంపితే ప్రశ్నించవచ్చు.

అలా ప్రశ్నించి గెలిచిన పాత కేసు దేబేశ్ చంద్ర దాస్‌ది. అస్సాం కేడర్ ఐసీఎస్ అధికారి అయిన ఆయన 1964లో కేంద్రంలో కార్యదర్శి అయ్యారు. రెండేళ్లకే ప్రభుత్వం ఆయన ముందు మూడు దారులు పెట్టింది: అస్సాం వెళ్లడం, రిటైర్మెంట్ ముందు సెలవు పెట్టడం, చిన్న పోస్టుకు ఒప్పుకోవడం. వెళ్తే హోదా, జీతం రెండూ తగ్గుతాయి. పైగా పనితీరుపై మచ్చ. విచారణ లేకుండా ఇలా చేయడం రాజ్యాంగంలోని 311వ అధికరణానికి విరుద్ధమని, ఇది స్థాయి తగ్గించడమేనని 1969లో సుప్రీంకోర్టు తేల్చింది.

నెలకు ఎంత పోతుంది?

ఊరు మారితే మూల వేతనంలో 10 శాతం, అదే ఊళ్లో అయితే 5 శాతం డెప్యుటేషన్ అలవెన్సు. 2017లో పరిమితులు రూ.9,000, రూ.4,500. డీఏ 50 శాతం పెరిగిన ప్రతిసారీ ఇవి 25 శాతం పెరుగుతాయి. రూ.78,800 మూల వేతనం ఉండి ఊరు మారిన ఉద్యోగికి నెలకు రూ.7,880 వస్తుంది. మాతృశాఖకు తిరిగి వచ్చిన రోజుతో ఇది ఆగిపోతుంది, దీన్ని కోరే హక్కు లేదు. మళ్లీ డెప్యుటేషన్‌కు వెళ్లాలన్నా జాయింట్ సెక్రటరీ స్థాయి వరకు 3 ఏళ్లు ఆగాలి.

ప్రమోషన్ విషయం వేరు. బయట ఉన్న కాలంలో మాతృశాఖలో మీ జూనియర్ పైకి వెళ్లిపోతే, మీ అర్హత చూడకుండా పాత కుర్చీలోనే కూర్చోబెట్టడం కుదరదు. 1960ల్లోనే మైసూర్ ప్రభుత్వంపై బెళ్లారి అనే ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు ఈ మాట చెప్పింది. తిరిగి రిపోర్టు చేసిన రోజే సీనియారిటీ జాబితా తెప్పించుకోవడం మంచిది.

6 నెలలు, 1 ఏడాది

కేంద్ర ఉద్యోగులు ముందు తమ శాఖకే రిప్రజెంటేషన్ పెట్టుకుని, తర్వాత కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌ (క్యాట్)కు వెళ్లాలి. హైదరాబాద్‌లో దాని బెంచ్ ఉంది. తుది ఉత్తర్వు వచ్చిన ఏడాదిలోగా పిటిషన్ వేయాలి. జవాబు రాకపోతే 6 నెలలు చూసి, అక్కడినుంచి ఏడాది. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు రాష్ట్ర ట్రిబ్యునల్ లేదు కాబట్టి రాష్ట్ర ఉద్యోగులు నేరుగా హైకోర్టుకే వెళ్లాలి.

ఇక్కడో చిక్కుంది. నోటీసు 3 నెలలదైతే, జవాబు కోసం 6 నెలలు కూర్చునేలోపు రిలీవ్ అయిపోతారు. ట్రిబ్యునల్ చట్టం ‘సాధారణంగా’ ఆగాలనే అంటుంది, అన్నివేళలా తప్పనిసరి అనదు. అందుకే రిప్రజెంటేషన్ వెంటనే పెట్టి, దాని నకలు, డెప్యుటేషన్ ఉత్తర్వు, నోటీసు జతచేసి, రిలీవింగ్ తేదీకి ముందే మధ్యంతర ఉత్తర్వు అడగాలి.