కూలి పెంచితే పని పోతుందా?

సంఘ కమిటీల్లో తరచుగా వినిపించే మాట ఒకటుంది: "జీతం పెంచాలనే ఉందయ్యగారూ, కానీ పెంచితే ఒకరిని మానిపించాల్సి వస్తుంది." చర్చి వాచ్‌మన్ గురించో, ఆవరణ ఊడ్చే అమ్మ గురించో, మన బడిలోని ఆయా గురించో ఈ మాట వస్తుంది. ఇది ఉత్త పిసినారితనం అనలేము. సరుకు ధర పెరిగితే కొనేవారు తగ్గినట్టే, కూలి పెరిగితే పని ఇచ్చేవారు తగ్గుతారని అర్థశాస్త్ర పుస్తకాలు చాలాకాలం నేర్పాయి.

అమెరికాలో డేవిడ్ కార్డ్, అలన్ క్రూగర్ అనే ఇద్దరు ఆర్థికవేత్తలు ఈ మాటను నిజంగా పరీక్షించి చూశారు. 1992 ఏప్రిల్ 1న న్యూజెర్సీ రాష్ట్రం కనీస వేతనాన్ని గంటకు 4.25 డాలర్ల నుండి 5.05 డాలర్లకు పెంచింది. పక్కనే ఉన్న పెన్సిల్వేనియాలో పాత కూలే కొనసాగింది. సరిహద్దుకు రెండు వైపులా కలిపి 410 ఫాస్ట్‌ఫుడ్ హోటళ్లను, పెంపుకు ముందొకసారి, ఆ ఏడాది చివర మరొకసారి అడిగి లెక్క తీశారు. పెన్సిల్వేనియాతో పోల్చి చూస్తే న్యూజెర్సీలో ఉద్యోగాలు తగ్గలేదు. తిండి ధర మాత్రం కొంత పెరిగింది.

1994లో ఈ పరిశోధన వెలువడగానే పెద్ద వివాదమే రేగింది. ఇతరులు ఎదురు లెక్కలు చూపారు. 2000లో కార్డ్, క్రూగర్ ప్రభుత్వ రికార్డులతో మళ్లీ పరిశీలించి తమ మాట మీదే నిలిచారు. క్రూగర్ 2019లో మరణించారు. 2021 నోబెల్ బహుమతిలో సగం కార్డ్ గారికి దక్కింది.

పని ఎందుకు పోలేదు? ఆర్థికవేత్తలు చెప్పే కారణాల్లో ఒకటి మనకు బాగా తెలిసినదే. ఉన్న పని మానితే మరొకటి దొరకదని భయపడేవాడు తక్కువకే ఒప్పుకుంటాడు. అతని పని విలువకూ అతని చేతికి వచ్చేదానికీ మధ్య తేడా యజమాని దగ్గర మిగులుతుంది. పెంపు ఆ మిగులులోంచి వస్తే ఎవరినీ తీసెయ్యనక్కరలేదు. ద్రాక్షతోట ఉపమానంలో సాయంకాలం దాకా సంతవీధిలో నిలిచినవారు ఎంతకైనా వచ్చేవారే. ఆ యజమాని వారి అవసరాన్ని వాడుకోలేదు. (ఆ ఉపమానం ముఖ్యంగా దేవుని కృపను గూర్చినది, జీతాల పట్టిక కాదు. అయినా ఈ సంగతి అందులో ఉంది.)

ఎంత పెంచినా పని పోదని కార్డ్ అనలేదు. కూలి పెరిగినంత మాత్రాన ఇళ్ల మధ్య తారతమ్యం పోదు కూడా. అదే జీతం ఒంటరి యువకునికి ఒకలా సరిపోతుంది, ఐదుగురు తినే ఇంటికి మరొకలా. సంపాదించేవారే లేని విధవరాలి ఇంటికి కనీస వేతన చట్టం ఏమీ తేదు. ఆమె కోసం బీదల నిధి ఉంది. అయితే క్రిస్మస్‌కు వాచ్‌మన్‌కు పెట్టే కొత్త బట్టలను కూడా ఆ నిధిలోంచే కొని, జీతం పెంచామన్నట్టు లెక్క చెప్పే కమిటీలు ఉన్నాయి. అతనిది పనికి రావలసిన కూలి. దానిని దానధర్మాల ఖాతాలో రాయకూడదు.